శిక్ష పక్కన ‘ణ’

బడి గంట కొట్టాక గేటు దాటినవాళ్ళు మొదటి పీరియడు పుస్తకాల గదిలో గడపాలి. అదీ శిక్ష. మెట్ల కింద ఉన్న ఆ గదికి ఒకే కిటికీ, అదీ సైకిళ్ళ షెడ్డు వైపు. లైబ్రేరియన్ రిటైరయ్యాక ఆ కుర్చీలో మళ్ళీ ఎవర్నీ వెయ్యలేదు. చిరిగిన పుస్తకాలు మాత్రం ఎవరూ పిలవకుండానే వచ్చి పడుతుంటాయి. ఆలస్యంగా వచ్చినవాళ్ళు వాటిని అతికించాలని ఎప్పటి హెడ్మాస్టరో ఒక రూలు పెట్టి వెళ్ళిపోయాడు. పిల్లలు అక్కడ కూర్చుని, ఒక పేజీకి జిగురు పూయబోయి నాలుగు పేజీలు కలిపి అంటించేసి, పీరియడంతా కబుర్లు చెప్పుకుని వెళ్తారు. పుస్తకాలకి అదొక శిక్ష.

లేటమ్మ అలా కాదు. ఆ పేరు ఎవరు పెట్టారో తెలీదుగానీ, ఇప్పుడు హాజరు పిలిచేటప్పుడు టీచర్లు కూడా నాలుక కరుచుకోవలసి వస్తోంది. రెండేళ్ళుగా ఆమె రోజూ ఆలస్యమే. మొదట్లో తిట్టారు, తర్వాత నవ్వారు, ఇప్పుడు గేటు దగ్గర వాచ్‌మన్ ఏమీ అడక్కుండా పుస్తకాల గది తాళంచెవి చేతికిచ్చేస్తున్నాడు.

ఆ పొద్దున ఆమె ముందు ఒక లావుపాటి నిఘంటువు విడిపోయి పడుంది. పాత దారాన్ని బ్లేడుతో తెంచి, ముక్కలు ఒక్కొక్కటే లాగేసింది. వెన్ను మీద పెచ్చులు కట్టిన జిగురును మొద్దు కత్తితో గీకింది. పేజీల మడతలు దులిపి, వరసలో పేర్చి, బల్ల అంచుకు తాటించి సమం చేసింది. కొవ్వొత్తి ముక్క మీద దారాన్ని రెండుసార్లు లాగి మైనం పట్టించింది. ఇవన్నీ ఎవరూ నేర్పలేదు. మొదటి నెలలో ఒక పాత పుస్తకాన్ని పూర్తిగా విప్పి చూసింది, మళ్ళీ కుట్టలేక ఏడ్చింది, నాలుగోసారికి కుట్టింది. జిగురు ఇంట్లోనే పిండితో కాచి, మూత బిగుతుగా ఉన్న డబ్బాలో పోసుకుని వస్తుంది.

సూది నాలుగో మడతలో ఉండగా సోషల్ మేడమ్ లోపలికి వచ్చింది. ఈ ఏడు పైచదువుల దరఖాస్తులు పంపించే బాధ్యత ఆమె నెత్తిన పడింది. పిల్లలందరి కాగితాలూ చంకలో పెట్టుకుని తిరుగుతూ ఆవిడ బడికి వచ్చిన పోస్టుమన్‌లా అయిపోయింది.

“ఏంటమ్మా ఇది? పేరు రాశావు, మార్కులు రాశావు, బాగానే ఉంది. ఈ పేజీలో ఒక్క ముక్క కూడా లేదేం?”

ఆ పేజీకి పైన ‘చదువు కాక ఇతర కార్యకలాపాలు’ అని ఉంది. కింద అన్నీ గళ్ళే.

“రాయడానికి ఏం లేదు మేడమ్.”

“పాట? ఆట? బొమ్మలెయ్యడం?”

“రావు మేడమ్.”

“మరి బడయ్యాక ఏం చేస్తావు?”

లేటమ్మ సూది దించకుండానే ఆలోచించింది. “ఇంటికెళ్ళి నాయనమ్మకి ఒళ్ళు తుడిచి బట్టలు మారుస్తాను. వంట చేస్తాను. తర్వాత అమ్మ డ్యూటీకి వెళ్ళిపోతుంది. నాయనమ్మని మధ్యమధ్య పక్కకి తిప్పాలి, లేకపోతే వీపు పుండవుతుంది. ఖాళీ దొరికినప్పుడు చదువుకుంటాను.”

“అవి ఇంటి పనులమ్మా. అందరిళ్ళలోనూ ఉండేవే. ఇక్కడ అడిగేది కార్యకలాపాలు.”

పనికీ కార్యకలాపానికీ తేడా ఉందని లేటమ్మకి అప్పుడే తెలిసింది. చెయ్యకపోతే ఎవరికీ నష్టం లేనిది కార్యకలాపం కాబోలు అనుకుంది. పైకి మాత్రం “సరే మేడమ్” అంది.

మేడమ్ చెడ్డ మనిషి కాదు. ఈ పిల్ల దరఖాస్తు పంపమని ఇంట్లోవాళ్ళెవరూ వచ్చి అడగలేదు. ఆమే పిలిచి, ఆమే ఫారం ఇచ్చింది. ఆ కాలేజీలో ఫీజు కట్టగలవాళ్ళు కడతారు, కట్టలేనివాళ్ళకి తిండీ హాస్టలూ చదువూ అన్నీ ఉచితం. సీటు మాత్రం ఎవరికైనా ఈ పేజీ చూసే ఇస్తారు. మార్కులున్నవాళ్ళు వాళ్ళకి కొల్లలుగా వస్తారు, ఖాళీ పేజీని పక్కన పెట్టడానికి క్షణం పట్టదు.

“శుక్రవారం సాయంత్రానికి పంపెయ్యాలి. ఇలా పంపితే నిన్ను నేనే ముంచినట్టవుతుంది” అంటూ మేడమ్ అటూ ఇటూ చూసింది. అప్పుడు ఆమె కళ్ళు బల్ల మీద ఆగాయి. గోడవార వరసగా నిలబెట్టిన పుస్తకాల వెన్నుల మీద పడ్డాయి. ఒకటి తీసి తెరిచింది. అది చప్పుడు లేకుండా చదునుగా తెరుచుకుంది.

“ఇవన్నీ నువ్వు కుట్టావా? మరి ఇది రాయవేం?”

“ఇది శిక్ష కదా మేడమ్.”

మేడమ్ నవ్వబోయి, ఆ పిల్ల నవ్వులాటకి అనలేదని గ్రహించి ఊరుకుంది. పెన్సిలు తీసి మొదటి గడిలో ‘బడి గ్రంథాలయంలో పుస్తకాల మరమ్మతు — రెండేళ్ళు’ అని రాసింది. కాసేపు పెన్సిలు పెదవికి ఆనించుకుని, పక్కన ‘శిక్షణ’ అని చేర్చింది. “చూశావా? ఒక్క అక్షరం. ‘ణ’ చేరిస్తే అది మంచిపనైపోయింది” అంది.

లేటమ్మ ఆ అక్షరం వైపు చూసింది. అబద్ధమని అనిపించలేదు. నిజమనీ అనిపించలేదు. కానీ గళ్ళలో ఒకటి నిండింది, అది చూస్తే ప్రాణం లేచొచ్చినట్టయింది. అంతవరకూ ఆ కాలేజీ మీద తనకి ఇంత ఆశ ఉందని ఆమెకే తెలీదు.



ఆ సాయంత్రం అమ్మ అద్దం ముందు నిలబడి జడ బిగించుకుంటోంది. ఆస్పత్రిలో రాత్రిపూట వార్డులు తుడిచే పని ఆమెది. ఎప్పుడూ ఫినాయిలు వాసన, ఆమె ఇంట్లోకి వచ్చిన సంగతి ముందు ఆ వాసనే చెబుతుంది.

“మా సూపర్‌వైజరమ్మని అడిగాను. పరీక్షలు అవ్వగానే నిన్ను పంపమంది. ఆడవాళ్ళ వార్డులో ఆయా పని. పగటి డ్యూటీయే ఇస్తానంది, దేవతలాంటి మనిషి.”

లేటమ్మ నాయనమ్మ భుజం కింద చెయ్యి దూర్చి, మోకాలితో మంచానికి ఆసరా తీసుకుని, ముసలావిడని గోడవైపుకి తిప్పింది. వీపు మీద ఎర్రగా కమిలినచోట పౌడరు అద్దింది. “మేడమ్ కాలేజీకి రాస్తోంది కదమ్మా.”

“రాయనీ. వస్తే వెళ్ళు, నేను కాదన్నానా? మీ మేనత్త వచ్చి ఉంటానంది, అత్తయ్యని అదే చూసుకుంటుంది. సీటు రాకపోతే మాత్రం ఈ పని చేతిలో ఉంటుంది కదా.” అమ్మ పిన్నులు నోట్లోంచి తీసి ఒక్కొక్కటే గుచ్చుకుంది. “ఇంతకీ బడికి టైముకి వెళ్తున్నావా లేదా? నేనొచ్చేసరికే ఎనిమిదిన్నర దాటుతోంది.”

“తొమ్మిదింటికే కదమ్మా గంట. సరిపోతుంది.”

“మీ బడి నయం. పక్కింటి కుట్టుపనావిడ కూతురికి ఎనిమిదిన్నరకేనట, పొద్దున్నే పాపం పరుగే పరుగు.”

“అది వేరే బడి.”

అబద్ధం మొదటిసారి చెప్పినప్పుడు గొంతు తడబడింది. ఇప్పుడు అలవాటైపోయింది. రాత్రి డ్యూటీ ఆవిడ వార్డు వదలాలంటే పగటి డ్యూటీ ఆవిడ రావాలి, ఆవిడ వచ్చాక బస్సు రావాలి, బస్సు వచ్చాక అమ్మ రావాలి. ఈ ముగ్గురిలో ఒక్కరూ లేటమ్మ చేతిలో లేరు. నాయనమ్మని ఒంటరిగా వదిలితే మంచం దిగబోయి పడిపోతుంది, ఒకసారి పడింది కూడా. అమ్మతో చెబితే అమ్మ ఏం చేస్తుంది? డ్యూటీ మానుకుంటుందా? బాధ ఒకటి పెరుగుతుంది, బస్సు ముందుకి రాదు. అందుకని లేటమ్మ బడి గంటనే అరగంట వెనక్కి జరిపేసింది.



బుధవారం మొదటి పీరియడులోనే హెడ్మాస్టరు పిలుస్తున్నాడని కబురొచ్చింది. లేటమ్మ చేతులకున్న జిగురు గుడ్డతో తుడుచుకుని వెళ్ళేసరికి సోషల్ మేడమ్ అక్కడే నిలబడి ఉంది. ముఖం మాడిపోయి ఉంది.

హెడ్మాస్టరు బల్ల మీద రెండు దరఖాస్తులున్నాయి. ఒకటి పలచగా ఉంది. రెండోది లావుగా, రంగుల ఫొటోలతో, పెళ్ళి శుభలేఖలా ఉంది.

“ఇది డాక్టరుగారి అమ్మాయిది. నిన్ననే సంతకం పెట్టి ముద్ర వేశాను. పొద్దున మేడమ్ నీది తెస్తే చదివాను. ఇందులోనూ పుస్తకాల గదే, అందులోనూ పుస్తకాల గదే. ఒకే కాలేజీకి వెళ్తాయి రెండూ. వాళ్ళు పక్కపక్కన పెట్టి చూడరూ? నా ముద్రకి పరువేం ఉంటుంది?”

ఆయన లావు దరఖాస్తును ఇటు తిప్పాడు. లేటమ్మ వంగి చూసింది. ఫొటోలో పుస్తకాల గది బల్ల, బల్ల ముందు డాక్టరుగారి అమ్మాయి, చేతిలో బ్రష్షు. పక్కన తల వంచుకుని లేటమ్మ. ఆ ఫొటో తీసిన రోజు ఆమెకి గుర్తుంది. దరఖాస్తులు దిద్దిపెట్టే ఆయన్ని ఒకర్ని డాక్టరుగారు కుదిర్చారు. ఆయన కెమెరాతో వచ్చి బడంతా తిరిగి, చివరికి ఆ గదిలో వెలుతురు బాగుందన్నాడు. “నువ్వు కొంచెం తల వంచమ్మా, నేర్చుకుంటున్నట్టు” అన్నాడు. లేటమ్మ వంచింది.

ఫొటో కింద ఇలా ఉంది: ‘ఆలస్యపు అలవాటున్న విద్యార్థులకు పుస్తకాల మరమ్మతులో శిక్షణ ఇచ్చి, వారిలో క్రమశిక్షణ పెంపొందించే కార్యక్రమానికి వ్యవస్థాపకురాలు. చిత్రంలో: ఒక లబ్ధిదారుతో.’

లేటమ్మ ఆ చివరి మాట దగ్గర ఆగింది. లబ్ధిదారు అంటే సైకిలో గొడుగో ఉచితంగా తీసుకుని, ఇచ్చినవాళ్ళ పక్కన నిలబడి ఫొటో దిగే మనిషి. తనకి ఏం ఇచ్చారా అని వెతుక్కుంది. బ్రష్షు తనదే. జిగురు తను కాచిందే. చెవులు వేడెక్కాయి, కళ్ళు మండాయి, కోపం అంటే ఇదేనని తెలిసింది.

“సార్, ఆ పిల్ల ఆ గదిలో ఎన్ని రోజులు కూర్చుందో మీకు తెలీదా?” అంది మేడమ్.

“నాకు తెలుసు. కాలేజీవాళ్ళకి కాగితం తెలుసు.” ఆయన గొంతులో కోపం లేదు, విసుగు మాత్రమే ఉంది. క్లాసుల్లో తిరిగే ఫ్యాన్లు డాక్టరుగారు వేయించినవే. హెడ్మాస్టరు భార్యకి బీపీ చూసేదీ డాక్టరుగారే. ఆ మాట ఆయన అనలేదు, అనాల్సిన అవసరమూ లేదు. “చూడమ్మాయ్, దీనికో దారుంది. ఆమె శిక్షణ ఇచ్చానంటోంది. నువ్వు శిక్షణ పొందానని రాశావు. ఇచ్చిన మనిషి ఉంది, పుచ్చుకున్న మనిషీ ఉంది, లెక్క సరిపోయింది. ‘ఆమె వద్ద’ అని ఒక్క మాట చేరిస్తే రెండు కాగితాలూ ఒకదానికొకటి సాక్ష్యం. ముద్ర కొట్టేస్తాను.”

మేడమ్ నేల చూసింది. ఆ ‘ణ’ తను చేర్చిందే.

లేటమ్మ పేజీ వైపు చెయ్యి చాపింది. “అది తీసెయ్యండి సార్.”

“ఏది?”

“ణ. నాకెవరూ శిక్షణ ఇవ్వలేదు. శిక్ష అని ఉంచండి. అది మాత్రం నాదే.”

హెడ్మాస్టరు కళ్ళద్దాల మీంచి చూశాడు. ఈ పిల్ల గొంతు ఆయన ఇంతవరకూ వినలేదు, వినాల్సిన పనీ పడలేదు. “శిక్ష అని రాసి పంపుతావా కాలేజీకి? నవ్విపోతారు.”

“నిజమే కదా సార్.”

నిజమే. కాదనడానికి లేదు. రూలు పాతదే అయినా ఆయన హయాంలో పడిన శిక్షే. ఆయన కాసేపు పెన్ను తిప్పి, చివరికి ‘ణ’ మీద అడ్డంగా గీత కొట్టి, పక్కన పొట్టి సంతకం పెట్టాడు. “తర్వాత నన్ను అనొద్దు” అన్నాడు.

వరండాలో మేడమ్ ఆమె చెయ్యి పట్టుకుంది. “ఇదే మంచిది. కింద ఖాళీ చాలా ఉంది. శిక్ష ఎందుకు పడిందో, ఆ గదిలో ఏం చేశావో నువ్వే రాయి, నేను సరిచూస్తాను. అలాంటిది వాళ్ళు ఎక్కడా చదివి ఉండరు. ఇంట్లో సంతకం పెట్టించుకుని రేపు తీసుకురా.”

మెట్ల దగ్గర డాక్టరుగారి అమ్మాయి ఎదురైంది. ఆమె ఎప్పుడూ లేటమ్మని ఏడిపించలేదు, ఒకసారి తన గొడుగు కూడా ఇచ్చింది. “నాకు నిజంగా తెలీదే. అదంతా ఆ ఫొటోలు తీసినాయనే రాశాడు. నేను అడిగాను కూడా, నీ పేరు వెయ్యొద్దని. అందుకే ‘ఒక లబ్ధిదారు’ అని మాత్రం పెట్టారు. కోపమొచ్చిందా?”

ఆమె నిజంగానే మేలు చేశాననుకుంటోంది. లేటమ్మ “బ్రష్షు తిరగేసి పట్టుకున్నావు ఫొటోలో” అని వెళ్ళిపోయింది.



ఆ రోజు సాయంత్రం నాయనమ్మకి జావ తాగించి, మూతి తుడిచి, లేటమ్మ నేల మీద కూర్చుని రాసింది. ‘మా అమ్మ వచ్చేవరకు మా నాయనమ్మను వదిలి రాలేను’ అని మొదలుపెట్టి, కొట్టేసి, ‘పుస్తకం విప్పితే ఎక్కడ తెగిందో తెలుస్తుంది’ అని మళ్ళీ మొదలుపెట్టింది. చిత్తుకాగితం నిండిపోయింది. ఇంత రాయగలనని ఆమె అనుకోలేదు. ఆ గదిని తను ఇష్టపడుతోందని, పొద్దున్నే గేటు దగ్గర తాళంచెవి చేతిలో పడినప్పుడు తనకి సంతోషంగా ఉంటుందని రాస్తుంటేనే తెలిసింది. శిక్ష ఇష్టమని రాయొచ్చో లేదో తెలీక ఆ వాక్యం కింద గీత గీసి పెట్టుకుంది. రేపు మేడమ్‌ని అడగాలి.

అమ్మ నిద్రలేచి, టీ గ్లాసుతో వచ్చి పక్కన కూర్చుంది. “సంతకం అన్నావు, ఏదీ?”

లేటమ్మ అసలు పేజీ ఇచ్చింది. వివరాలు ఒక్కొక్కటే చెబుదామనుకుంది. చెప్పే క్రమం కూడా మనసులో పెట్టుకుంది: ముందు కాలేజీ, తర్వాత గది, చివర్లో గంట. కానీ అమ్మ వేలు పెట్టుకుని, పెదవులు కదుపుతూ, మొదటి గడి దగ్గరే ఆగిపోయింది.

“శిక్ష... రెండేళ్ళు... ఇదేంటే?”

“అదీ, అమ్మా...”

“నీకు శిక్షా? ఏం చేశావు?”

“ఆలస్యంగా వెళ్తున్నానని.”

అమ్మ టీ గ్లాసు నేల మీద పెట్టింది. “తొమ్మిదింటికి కదా గంట?”

గోడవైపు తిరిగి పడుకున్న నాయనమ్మ దగ్గింది. అమ్మ మనసులో బస్సు వచ్చింది, ఆగింది, వెళ్ళింది. ఆమె ముఖం చూస్తుంటే అది తెలిసిపోతోంది.

“ఎనిమిదిన్నరకేనా? మీ బడి కూడానా?”

“ఏం కాలేదమ్మా. కూర్చోబెడతారంతే. పుస్తకాలు అతికించుకుంటాను.”

“రెండేళ్ళు. రోజూ.” అమ్మ ఆ పేజీని దూరంగా పట్టుకుని, కింద వరసగా ఉన్న గళ్ళన్నీ చూసింది. “ఇన్ని గళ్ళు పెట్టారు. పిల్లలు చేసిన తప్పులన్నీ రాసి పంపుతారా కాలేజీకి? చేరకముందే పరువు తియ్యడానికా?”

“అది కాదమ్మా, అది...”

“నువ్వు ఊరుకో.” అమ్మ గొంతు పెంచలేదు. పెంచి ఉంటే బాగుండేది. “నేను అక్కడ ఎవరెవరి గచ్చులో అద్దంలా తుడుస్తున్నాను. ఇక్కడ నా పిల్ల పేరు మీద ఇంత మచ్చ పడితే నాకు తెలీదు.” సంతకం పెట్టకుండా పేజీని నాలుగు మడతలు వేసి సంచీలో పెట్టుకుంది. డ్యూటీకి వెళ్తూ గుమ్మం దగ్గర ఆగి, వెనక్కి చూడకుండా, “అబద్ధం నా కోసమేగా చెప్పావు” అంది. అది ప్రశ్న కాదు.

చిత్తుకాగితం లేటమ్మ మోకాలి కిందే ఉండిపోయింది.



మర్నాడు లేటమ్మ మొదటి పీరియడు మధ్యలో ఉండగా అమ్మ బడికి వచ్చింది. పొద్దున ఇంటికొచ్చి ఏమీ మాట్లాడకుండా పడుకున్నట్టే పడుకుని, కూతురు గడప దాటాక పక్కింటి కుట్టుపనావిడని నాయనమ్మ దగ్గర కూర్చోబెట్టి, డ్యూటీ బట్టల్లోనే బయల్దేరింది. మళ్ళీ హెడ్మాస్టరు గది నుంచి కబురొచ్చింది. లేటమ్మ వెళ్ళేసరికి అమ్మ కుర్చీలో కూర్చోకుండా కుర్చీ వీపు పట్టుకుని నిలబడి ఉంది. సోషల్ మేడమ్‌ని కూడా పిలిపించారు.

“తప్పు నాది సార్. నా తర్వాత ఆవిడ వస్తేగాని వార్డు వదలకూడదు. ఆ తర్వాత బస్సు. నేనొచ్చేదాకా పిల్ల ముసలావిడని వదిలి కదలదు. నాకు ఇంతవరకూ చెప్పలేదు సార్ అది, కడుపులో దాచుకుంది. వెయ్యాలనుకుంటే శిక్ష నాకు వెయ్యండి. ఆ కాగితంలో మాత్రం రాయకండి. మీ కాళ్ళు పట్టుకుంటాను.”

ఆమె నిజంగానే వంగబోయింది. హెడ్మాస్టరు గబుక్కున లేచి నిలబడ్డాడు. “అయ్యయ్యో, అదేంటమ్మా.” ఆయనేమీ రాయి కాదు. ఆయన ముఖం ఎర్రబడింది, మంచినీళ్ళు తెమ్మని కేకేశాడు. “ఇంత కథ ఉందని ఎవరైనా ఒక్క మాట నా చెవిన వెయ్యొద్దూ? రెండేళ్ళుగా ఆ పిల్ల నోరు విప్పలేదే. ఏమ్మాయ్, చెప్పొద్దూ?”

లేటమ్మ అమ్మ చేతుల వైపు చూసింది. రాత్రంతా నీళ్ళల్లో నానిన వేళ్ళు తెల్లగా ముడతలు పడి, కుర్చీ చెక్కని గట్టిగా పట్టుకుని ఉన్నాయి.

“రేపట్నుంచి నువ్వు ఎప్పుడొచ్చినా తిన్నగా క్లాసుకి వెళ్ళు. వాచ్‌మన్‌కి నేను చెబుతాను. ఆ గది జోలికి వెళ్ళక్కర్లేదు. నీకు శిక్ష లేదు.” ఆయన బల్ల మీద అమ్మ పెట్టిన మడత కాగితం విప్పి, చించి, బుట్టలో వేశాడు. అరలోంచి కొత్త పేజీ తీశాడు. “ఇదిగో. శిక్షే లేనప్పుడు కాగితం మీద మాత్రం ఎందుకుండాలి? మాఫీ. ఇంక నీ పిల్ల మీద ఒక్క అక్షరం లేదమ్మా.”

“సార్, ఆ లైను...” అంది సోషల్ మేడమ్.

“తీసేశాను కదా” అన్నాడాయన. మంచిపని చేసిన తృప్తితో ఆయన మెత్తబడిపోయి ఉన్నాడు. కొత్త పేజీ అడుగున ముద్ర కొట్టి, సంతకం పెట్టి, స్వయంగా అమ్మ చేతికిచ్చాడు.

చెప్పాల్సిన క్షణం అదే. లేటమ్మకి తెలుసు. అమ్మా, అది మచ్చ కాదు, ఆ కాలేజీకి నాకున్న దారి అదొక్కటే అని ఒక్క వాక్యం అంటే చాలు. కానీ అమ్మ కళ్ళు ఒత్తుకుంటోంది. రెండు చేతులూ జోడించి ఆయనకి దణ్ణం పెడుతోంది. నిన్న సాయంత్రం నుంచి వంగిపోయిన నడుము ఇప్పుడే నిలబడుతోంది. నా దారి నువ్వే చింపించావమ్మా అని ఆ మనిషితో ఎలా చెప్పడం? చెబితే అమ్మ ఇంక ఈ జన్మకి తలెత్తదు. లేటమ్మకి అమ్మ మీద కోపం వచ్చింది, జాలి వచ్చింది. ఆమె నోరు తెరవలేదు.

వరండాలో మేడమ్ ఆమెని పక్కకి లాగింది. “రేపే ఆఖరు. నాయనమ్మ సంగతి రాద్దాం. ఇంటి పనులని ఆ రోజు కొట్టిపారేశాను, నాదే బుద్ధితక్కువ. అది చాలు, అదొక్కటే చాలు.”

“అమ్మ సంతకం పెట్టాలి కదా మేడమ్. అది చూస్తే, తన పనంతా నా మీద పడేసిందని వాళ్ళకి పితూరీ రాశామనుకుంటుంది.”

“నేను చెబుతాను అమ్మకి. ఆ పేజీ అంటే ఏంటో విడమరిచి చెబుతాను.”

“అప్పుడు ఆ చించేసింది ఏంటో కూడా తెలిసిపోతుంది.”

మేడమ్ ఇంకేదో అనబోయింది. కుళాయి దగ్గర అమ్మ ముఖం కడుక్కుని, కొంగుతో తుడుచుకుంటూ, వాచ్‌మన్‌తో నవ్వుతూ ఏదో చెబుతోంది. అమ్మ పగటివేళ నవ్వడం చూసి చాలా కాలమైంది.

“వద్దు మేడమ్” అంది లేటమ్మ.

అమ్మ వచ్చి వరండా బెంచీ మీద కూర్చుంది. పేజీని ఒళ్ళో పరుచుకుని, అరచేత్తో రెండుసార్లు నిమిరి, పెన్ను అడిగింది. సంతకం పెట్టేముందు పై నుంచి కింది వరకూ ప్రతి గడినీ చూసుకుంది.

“ఒక్కదాంట్లోనూ ఏమీ లేదు. చూశావా? ఒక్క మాట అడిగితే అయిపోయేదానికి రెండేళ్ళు నలిగిపోయావు.” మేడమ్ వైపు తిరిగి, “అందరు పిల్లలకీ ఇలాగే ఉంటుందాండీ?” అని అడిగింది.

మేడమ్ కిటికీ వైపు చూస్తూ నిలబడింది. లేటమ్మే జవాబిచ్చింది.

“లేదమ్మా. కొంతమందికి నిండిపోతుంది. డాక్టరుగారి అమ్మాయికి ఆ గళ్ళు చాలక ఇంకో కాగితం కూడా అతికించారు.”

“అంత డాక్టరుగారికా?” అమ్మ పెన్ను ఆపి, నిజంగా నొచ్చుకుంది. “పాపం, ఆ తల్లి ఎలా తట్టుకుంటోందో.”

తర్వాత పేజీ మీదకి వంగి, అడుగున చుక్కల గీత మీద, తన పేరు మొత్తం, ఒక్క అక్షరం కూడా గీత దాటకుండా రాసింది.